రెండో మనిషి

చెన్నై పురసవాక్కం హైరోడ్డు జవుళికీ నగలకీ పేరుపడ్డ చోటు. ఆ రోడ్డు వెనక సందుల్లోకి తిరిగితే మూడేళ్ల పిల్లల చదువు కూడా అంగడి సరుకే. ప్లేస్కూలు, నర్సరీ, మెట్రిక్ స్కూలు ఎల్.కె.జి., వాటి నడుమ ఎక్కడో ఒక బాల్వాడి. సర్కారు కాగితాల్లో అది అంగన్‌వాడీ. పేటలో మాత్రం బాల్వాడే. ఫీజు కట్టగలిగిన ఇల్లేదో, కట్టలేని ఇల్లేదో బిడ్డకు మూడేళ్లు నిండగానే ఇక్కడ తేలిపోతుంది. కట్టలేని ఇళ్లలో తెలుగు ఇళ్లు తక్కువేం కాదు. చెన్నై వీధులను తరతరాలుగా ఊడ్చి శుభ్రం చేస్తున్న కార్మికుల్లో తెలుగు మాట్లాడేవాళ్లు చాలామంది ఉన్నారు. ఆరేళ్ల లోపు పిల్లల కోసం, వాళ్లను పెంచే తల్లిదండ్రుల కోసం ప్రభుత్వం ఇంకో రూపాయి ఖర్చు పెట్టదలిస్తే అది ఎక్కడ పెట్టాలన్నదే ఈ సంవాదంలో ప్రశ్న.

మాట్లాడేది ఇద్దరు. బాబాయి ఆడిట్ శాఖలో చేసి రిటైరైన మనిషి; లెక్క తేలని మాట ఆయన చెవికెక్కదు. అమ్మాయి ఆయన అన్నగారి కూతురు. నర్సరీ టీచర్లకు తర్ఫీదు ఇస్తుంది. ఇద్దరూ నా కల్పనే. వాళ్ల నోట పలికించిన అంకెలు, తీర్పులు, పరిశోధనలు మాత్రం కల్పన కావు. నేను అమ్మాయి పక్షం. ఆ సంగతి ముందే చెప్పేస్తే చదివేవాళ్లు తమ జాగ్రత్తలో తాము ఉంటారు. బాబాయి చేతికి మొద్దు కత్తి ఇచ్చి ఓడించడం నాకిష్టం లేదు గనుక ఆయన పక్షాన ఉన్న గట్టి వాదాలేవీ దాచలేదు.

బాబాయి: ఈ బాల్వాడీలను నడిపే ఐ.సి.డి.ఎస్. పథకం మొదలైంది 1975 అక్టోబరు 2న, దేశం మొత్తం మీద 33 బ్లాకుల్లో. యాభై ఏళ్లు నిండాయి. ఇప్పుడు సక్షమ్ అంగన్‌వాడీ, పోషణ్ 2.0 అనే కొత్త పేర్లతో 2025-26 కేంద్ర బడ్జెట్‌లో దానికి 21,960 కోట్ల రూపాయలు రాశారు. రాష్ట్రాలు వేసేది వేరే. తమిళనాడు ఒక్కదానిలోనే 54,439 కేంద్రాలు. ఇంత సరంజామా ఉండి కూడా, నాలుగు ఇళ్లలో గిన్నెలు తోముకునే తల్లి అప్పు చేసి మరీ బిడ్డను మెట్రిక్ స్కూలు ఎల్.కె.జి.లో వేస్తోందంటే ఆవిడకేమీ పిచ్చి కాదమ్మా. బాల్వాడి మీద ఆవిడ ఇచ్చిన తీర్పు అది. యాభై ఏళ్లలో బాగుపడని యంత్రానికి ఇంకా నూనె పోయడం దేనికి? ఆ డబ్బేదో తల్లి చేతికే ఇవ్వండి, ఏ బడి కావాలో ఆవిడే ఎంచుకుంటుంది. విద్యా హక్కు చట్టం 12వ సెక్షన్ కింద ప్రైవేటు బళ్లు ప్రవేశ తరగతిలో పాతిక శాతం సీట్లు పేద పిల్లలకు ఇవ్వాలి. బడిలో ఎల్.కె.జి. ఉంటే ఆ లెక్క అక్కణ్ణుంచే మొదలవుతుంది. ఫీజు ప్రభుత్వం చెల్లిస్తుంది. ఉన్న ఆ దారినే వెడల్పు చేస్తే పోతుంది గదా.

అమ్మాయి: తల్లి చేతికి డబ్బు ఇవ్వడం తప్పని నేననను బాబాయ్. ఇస్తూనే ఉన్నారు. 2023 సెప్టెంబరు 15 నుంచి కలైజ్ఞర్ మహిళా హక్కు పథకం కింద కోటి మందికి పైగా ఆడవాళ్లకు నెలకు వెయ్యి రూపాయలు అందుతున్నాయి. 2025-26లో దానికి 13,807 కోట్లు. ఆ వెయ్యి ఇంటి ఖర్చులో కలిసి ఇంటికి ఆసరా అవుతుంది, మంచిదే. కానీ లేని టీచర్ని ఆ వెయ్యి పుట్టించదు. ఇక పాతిక శాతం సీట్లంటారా, ఆ ఫీజుకు కేంద్రం వాటా వచ్చేది సమగ్ర శిక్షలోంచి; 2024-25కి ఆ నిధులు 2,152 కోట్లు కేంద్రం ఆపేసిందని రాష్ట్రం సుప్రీంకోర్టుకు వెళ్లింది. ఆ తగాదాలో 2025-26 ప్రవేశాలు వేళకు మొదలు కాక నెలల తరబడి ఆగిపోయాయి. ఢిల్లీకీ చెన్నైకీ పడకపోతే పిల్లవాడి సీటు గాల్లో ఉండే ఏర్పాటు మీద మూడేళ్ల బిడ్డ చదువును నిలబెట్టగలమా? సీటు దొరికిన బిడ్డకు మేలు జరగొచ్చు, కాదనను. దొరకని బిడ్డ మళ్లీ వచ్చేది బాల్వాడికే. అందుకని తల్లి తీర్పును మీరు తెచ్చినట్టే తెస్తాను, కాకపోతే ఆవిడ దేని మీద తీర్పు చెప్పిందో కూడా చూద్దాం. బాల్వాడిలో ఉండేది ఒక టీచరమ్మ, ఒక ఆయా. ఆయాకి వంట, శుభ్రం. టీచరమ్మకి బరువులు తూచడం, ఎత్తులు కొలవడం, పోషణ్ ట్రాకర్ యాప్‌లో ఎక్కించడం, సత్తుమావు పొట్లాలు పంచడం, గుడ్ల లెక్క, గర్భిణుల పేర్లు, టీకాల రోజున నర్సుతో తిరగడం, సర్వేలు. వీటన్నిటి మధ్య సందు దొరికితే పాట, కథ, అంకె. తల్లి తొంగి చూసినప్పుడు ఆవిడకు కనపడింది రిజిస్టర్లు రాసుకుంటున్న టీచరమ్మ, గోడకు చేరబడ్డ పిల్లలు. అక్కడ పాఠం చెప్పే మనిషి ఉండి ఉంటే ఆవిడ తీర్పు ఎలా ఉండేదో మనకు తెలియదు.

బాబాయి: తెలియదని నువ్వే అంటున్నావు. తెలియని దానికి ఖజానా తెరవమంటావా?

అమ్మాయి: తల్లి తీర్పు తెలియదన్నాను; పిల్లల సంగతి తెలుసు. ఎక్కడో కాదు, ఈ రాష్ట్రంలోనే పరీక్షించి చూశారు. అలెహాండ్రో గనీమియన్, కార్తీక్ మురళీధరన్, క్రిస్టఫర్ వాల్టర్స్ అనే ముగ్గురు ఆర్థికవేత్తలు తమిళనాడు నాలుగు జిల్లాల్లో 320 అంగన్‌వాడీలు తీసుకున్నారు. చీటీలు తీసినట్టు వాటిని రెండుగా విడగొట్టి, సగం కేంద్రాల్లో పూటపని మనిషిని ఒకరిని అదనంగా వేశారు. ఆ మనిషికి వేరే పనేదీ లేదు, మూడు నుంచి ఆరేళ్ల పిల్లలకు పాఠం చెప్పడమే. కొత్త భవనం లేదు, కంప్యూటర్ లేదు. పాఠం నడిచే సమయం రెట్టింపైంది. పద్దెనిమిది నెలల తర్వాత అక్కడే కొనసాగిన పిల్లలకు పరీక్ష పెడితే లెక్కల్లో 0.29, భాషలో 0.46 ప్రామాణిక విచలనాల మేర ముందున్నారు. చదువు పథకాల్లో ఇంత తేడా రావడం అరుదు. నన్ను ఆశ్చర్యపరిచింది మాత్రం ఇంకో ఫలితం. వయసుకు తగ్గ ఎత్తు లేని పిల్లలు, తీవ్ర పోషకాహార లోపం ఉన్న పిల్లలు కూడా ఆ కేంద్రాల్లో తగ్గారు. పాఠం కొత్త మనిషి తీసుకోవడంతో పాత టీచరమ్మకి తిండి, ఆరోగ్యం పనులు చూసుకునే తీరిక దొరికింది. ఖర్చు లెక్క మీకిష్టం గనుక అదీ వేద్దాం. పూటపని మనిషికి నెలకు 8,000 ఇస్తామనుకోండి. 54,439 కేంద్రాలకు ఏడాదికి సుమారు 523 కోట్లు. ఇందాక చెప్పిన 13,807 కోట్లలో అది ఇరవై అయిదో వంతు కూడా లేదు.

బాబాయి: లెక్క సరిగ్గానే ఉంది. కానీ పద్దెనిమిది నెలల్లో చూసిన మార్కు పదేళ్ల తర్వాత ఉంటుందా? అమెరికాలో టెనెసీ రాష్ట్రం పేద పిల్లలకు ఉచిత పూర్వ ప్రాథమిక విద్య పెట్టింది. సీట్ల కంటే అర్జీలు ఎక్కువైన చోట లాటరీ వేశారు గనుక పోలిక కూడా నిక్కచ్చిగా కుదిరింది. మొదట్లో ముందున్న పిల్లలు ఆరో తరగతికి వచ్చేసరికి, లాటరీలో సీటు రాని పిల్లల కంటే వెనకబడ్డారని 2022లో వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయం వాళ్లే తేల్చారు. కెనడాలో క్విబెక్ రాష్ట్రం 1997 నుంచి రోజుకు అయిదు డాలర్లకే శిశు సంరక్షణ అంది. తల్లులు ఉద్యోగాల్లోకి వెళ్లారు గాని పిల్లల ప్రవర్తన దెబ్బతిన్నదని అక్కడి ఆర్థికవేత్తలు రాశారు. మీరెప్పుడూ ఎత్తి చూపే మిషిగన్ పెర్రీ ప్రీస్కూలు ఉందే, అందులో మొత్తం పిల్లలు 123 మంది! నిపుణులు దగ్గరుండి నడిపిన చిన్న తోటను చూపించి యాభై నాలుగు వేల పొలాలకు విత్తనం కొనమంటే ఏ ఆడిటరూ సంతకం పెట్టడు.

అమ్మాయి: టెనెసీ మాట కొట్టిపారేసేది కాదు. నాణ్యత లేని పూర్వ ప్రాథమిక విద్య హాని కూడా చేయగలదని అది చెబుతోంది, ఒప్పుకుంటున్నాను. మూడేళ్ల బిడ్డను బల్లకు అతికించి అక్షరాలు దిద్దించే బడి ప్రైవేటుదైనా సర్కారుదైనా చెడ్డదే. మీరు డబ్బిచ్చి పంపమన్న ఎల్.కె.జి.ల్లో చాలా వాటిలో జరిగేది అదే. పెర్రీ చిన్నదన్నారు, నిజం. తమిళనాడు పరీక్ష అలాంటిది కాదు. నిపుణులను దింపలేదు, నడుస్తున్న సర్కారు కేంద్రాల్లోనే మామూలు వేతనానికి మామూలు మనుషులను పెట్టి చూశారు. మీ టెనెసీలో సీటు రాని పిల్లలకు వేరే బాల సంరక్షణ కేంద్రాలో, చదువుకున్న తల్లిదండ్రులో ఉన్నారు. పుళియందోపులోనో ఓట్టేరిలోనో బాల్వాడి పాఠం దొరకని బిడ్డకు ఆ స్థానంలో దొరికేది ఏమిటి? ఇక మార్కు నిలబడుతుందా అంటే, ఒకటో తరగతి దాన్ని అందుకుంటేనే నిలబడుతుంది. మన దగ్గర అది అందుకోకపోవడానికి డబ్బు కంటే పాత జబ్బు ఒకటుంది. బాల్వాడి సాంఘిక సంక్షేమ శాఖది, ఒకటో తరగతి పాఠశాల విద్యా శాఖది. ఒక గోడకు ఇటూ అటూ ఉన్నా ఈ టీచరమ్మకు ఆ టీచరు ఎవరో తెలియనక్కర్లేదు.

ఇక్కడ నేను కొంచెం అడ్డం వస్తాను. ఈ జబ్బు వయసు వందేళ్లు దాటింది, పుట్టిందీ ఈ ఊళ్లోనే. 1920లో మద్రాసు కార్పొరేషన్ అధ్యక్షుడు పిట్టి త్యాగరాయ చెట్టి, తెలుగు దేవాంగ కుటుంబంలో పుట్టిన జస్టిస్ పార్టీ నాయకుడు, థౌజండ్ లైట్స్ కార్పొరేషన్ బడిలో పిల్లలకు పగటి ఫలహారం పెట్టించాడు. తలకు రోజుకు ఒక అణా మించకూడదని షరతు. బడికి వచ్చే పిల్లలు పెరిగారు, ఇంకొన్ని బళ్లకు పాకింది. 1925లో ఆగిపోయింది. కారణం, ప్రాథమిక విద్యా నిధిలోంచి తిండికి ఖర్చు చేయడాన్ని ప్రభుత్వం ఒప్పుకోలేదు. తిండి చదువు పద్దు కిందికి రాదన్న ఆ గుమస్తా తర్కాన్ని, బళ్లలో మధ్యాహ్న భోజనం పెట్టించి కామరాజ్ 1956లో, ఎం.జి.ఆర్. 1982 జులై 1న కొంత వెనక్కి తోశారు. ఎం.జి.ఆర్. పథకం బడి పిల్లలతో ఆగలేదు, రెండేళ్ల బిడ్డ నుంచీ అన్నం పెట్టింది. ఇప్పుడు 2022 నుంచి ఉదయం టిఫిను కూడా వచ్చింది. అన్నం విషయంలో తమిళనాడు దేశానికి దారి చూపిందనడంలో అతిశయోక్తి లేదు. అయిదేళ్ల లోపు పిల్లల్లో ఎదుగుదల తగ్గినవాళ్లు 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో దేశం మొత్తానికి 35.5 శాతం, తెలంగాణలో 33.1, ఆంధ్రప్రదేశ్‌లో 31.2 ఉంటే ఇక్కడ 25. త్యాగరాయ కాలంలో చదువు నిధి అన్నాన్ని బయటికి నెట్టింది. ఈనాడు అన్నం శాఖ నడిపే బాల్వాడిలో చదువు పక్కకు జరిగింది. గోడ అదే, మనుషులు మాత్రం ఇటువైపు వచ్చి కూర్చున్నారు.

బాబాయి: అయితే ఇంకో చరిత్ర నేను చెబుతాను. 2019 జనవరిలో అప్పటి రాష్ట్ర ప్రభుత్వం మిడిల్ స్కూళ్ల ఆవరణల్లో ఉన్న 2,381 అంగన్‌వాడీల్లో ఎల్.కె.జి., యు.కె.జి. పెట్టింది. తల్లులు సంతోషపడ్డారు. 2022లో వాటిని ఎత్తేస్తామన్నారు, గోల లేచాక మళ్లీ నడుపుతామన్నారు. మూడేళ్లకే మాట మార్చే సర్కారు మీద నీ రెండో మనిషిని నిలబెడతానంటావా? ఇంకోటి విను. ఆ మనిషికి ఇచ్చేది జీతం కాదు, గౌరవ వేతనం. అంగన్‌వాడీ టీచరమ్మకు కేంద్రం లెక్క 2018 అక్టోబరు నుంచి నెలకు 4,500, తర్వాత కదల్లేదు. పైన రాష్ట్రాలు తలా కొంత కలుపుతాయి. ఆంధ్రప్రదేశ్‌లో 11,500 చాలదని 2023 డిసెంబరు 12న సమ్మెకు దిగితే 42 రోజులు సాగింది, మధ్యలో ఎస్మా ప్రయోగించారు. నువ్వు 8,000కి మరో యాభై నాలుగు వేల మంది ఆడవాళ్లను ఆ వరసలోనే నిలబెడుతున్నావు. దీన్ని శిశు సంక్షేమం అనాలా, ఆడవాళ్ల చవక కూలి అనాలా?

అమ్మాయి: ఇది మీరు వేసిన వాటిలో అన్నిటికంటే న్యాయమైన ప్రశ్న. 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు అంగన్‌వాడీ కార్యకర్తలకు గ్రాట్యుటీ ఇవ్వాలని తీర్పు చెప్పింది. వాళ్లది సేవ మాత్రమే, ఉద్యోగం కాదన్న పాత వాదానికి అక్కడ గండి పడింది. తెలంగాణ 13,650 ఇస్తోంది. తమిళనాడులో టీచరమ్మలకు ప్రత్యేక కాలమాన వేతనం ఉంది. అందుకని నా ఎనిమిది వేలను నేను పట్టుకు వేలాడను. దాన్ని రెట్టింపు చేయండి, 1,045 కోట్లు అవుతుంది. అప్పటికీ ఆ 13,807 కోట్లలో పదమూడో వంతు దాటదు. 2019 ఎల్.కె.జి.ల సంగతీ నా వైపే సాక్ష్యం చెబుతుంది. అక్కడ తల్లులు గోల చేసింది తమ సందులోని సర్కారు కేంద్రం కోసమే. పాఠం ఉంటే ప్రైవేటు బోర్డు వైపు చూడరనడానికి ఇంతకంటే రుజువేం కావాలి? సర్కారు మాట మార్చగలిగిందంటే దానికి చట్టం అడ్డు లేకపోవడమే కారణం. రాజ్యాంగం 45వ అధికరణం మొదట పద్నాలుగేళ్ల లోపు పిల్లలందరికీ ఉచిత నిర్బంధ విద్య అంది, కింద వయసు హద్దేమీ పెట్టలేదు. 1993లో ఉన్నికృష్ణన్ వర్సెస్ ఆంధ్రప్రదేశ్ కేసులో సుప్రీంకోర్టు దాన్ని హక్కు చేసింది. 2002లో 86వ సవరణ వచ్చి హక్కును 6 నుంచి 14 ఏళ్లకు కుదించి, ఆరేళ్ల లోపు బిడ్డలను మళ్లీ ఆదేశిక సూత్రాల్లోకి పంపేసింది. విద్యా హక్కు చట్టం 11వ సెక్షన్ వాళ్ల కోసం ప్రభుత్వం ఏర్పాట్లు చేయవచ్చని మాత్రమే అంటుంది. చేయకపోతే అడిగే దిక్కు లేదు.

బాబాయి: హక్కు సంగతి సరే. తల్లిదండ్రులకు కూడా పాఠాలు చెప్పాలంటున్నారు మీవాళ్లు. బిడ్డను ఎలా పెంచాలో అమ్మమ్మ చెబుతుంది, నాయనమ్మ చెబుతుంది. అందులో సర్కారు వేలు పెట్టడం నాకు మింగుడు పడదు.

అమ్మాయి: అమ్మమ్మ దగ్గరుంటే ఏ చిక్కూ లేదు. ఇరుకు గదిలో మొగుడూ పెళ్లాం ఇద్దరూ పనికి పోయే ఇంట్లో అమ్మమ్మ ఊళ్లో ఉంటుంది. జమైకాలో కింగ్‌స్టన్ పేదవాడల్లో 1980ల మధ్యలో ఎదుగుదల తగ్గిన 129 మంది పసిపిల్లలను తీసుకున్నారు. కొందరికి పాలపొడి ఇచ్చారు. కొందరి ఇళ్లకు వారానికోసారి ఆరోగ్య కార్యకర్త వెళ్లి, ఇంట్లో దొరికే వస్తువులతో చేసిన ఆటబొమ్మలతో తల్లి చేతే బిడ్డను ఆడించింది, మాట్లాడించింది. రెండేళ్లు అంతే. ఇరవై ఏళ్ల తర్వాత చూస్తే ఆ ఆట ఆడిన పిల్లల సంపాదన మిగతావాళ్ల కంటే 25 శాతం ఎక్కువ. పాలపొడి ఒక్కటే అందినవాళ్లలో ఆ తేడా లేదు. మన దగ్గర కాగితం మీద అన్నీ ఉన్నాయి. మూడేళ్ల లోపు పిల్లల కోసం నవచేతన, ఆ పైవాళ్ల కోసం ఆధార్‌శిల అని 2024లో కేంద్రం రెండు చక్కని పుస్తకాలు విడుదల చేసింది. ఇంటింటికీ వెళ్లి అవి చేసి చూపించే మనిషి ఏదీ? రెండో మనిషి ఉదయం పిల్లలతో ఉంటే మొదటి టీచరమ్మ ఇళ్లకు వెళ్లగలదు. ఇంకో మాట, ఆ రెండో మనిషిని ఆ వీధి నుంచే తీసుకోవాలి. తెలుగు ఇంటి బిడ్డకు తొలి ఏడు తెలుగులో కథ చెప్పి మెల్లగా తమిళంలోకి దింపే మనిషి ఆ వీధిలోనే ఉంటుంది. జాతీయ విద్యా విధానం ఇంటి భాష గురించి ఎంత రాసినా, తమిళ నిర్బంధ చట్టం వచ్చిన 2006 తర్వాత మనవాళ్లు ఎంత వాపోయినా, మూడేళ్ల బిడ్డకు ఆ సాయం చేయగలిగేది ఈ మనిషే. మద్రాసులో ఆంధ్ర మహిళా సభ పెట్టిన దుర్గాబాయి 1953లో కేంద్ర సాంఘిక సంక్షేమ బోర్డు తొలి అధ్యక్షురాలయ్యాక స్థానిక స్త్రీలతో పల్లెల్లో బాల్వాడీలు నడిపించింది. నేను కొత్తగా కనిపెట్టిందేమీ లేదు.

బాబాయి: ఒప్పుకుంటానే అనుకో. మధ్యాహ్నం తర్వాత? హైరోడ్డు మీద జవుళి కొట్లో నిలబడే అమ్మాయి ఇంటికి చేరేది రాత్రి తొమ్మిదికి. సేల్స్ గర్ల్స్‌కి కూర్చోవడానికి స్టూలు వేయాలని 2021లో చట్టం సవరించుకోవలసి వచ్చిన రాష్ట్రం ఇది! యాభై మంది పనిచేసే చోట శిశు సంరక్షణ గది ఉండాలని 2017 ప్రసూతి ప్రయోజనాల సవరణ చెప్పింది. నలభై మందిని పెట్టుకునే కొట్టుకి ఆ బాధ లేదు, ఇళ్లలో పనిచేసేవాళ్లకు అసలు యజమానే ఒకడు కాదు. నీ రెండో మనిషి ఉదయం పాఠం చెప్పి వెళ్లిపోతే ఆ తల్లికి కావలసింది సగమే దొరికింది. ప్రైవేటు ప్లేస్కూలు సాయంత్రం దాకా ఉంచుకుంటుంది, అందుకే ఆవిడ అక్కడికి పోతోంది.

అమ్మాయి: దీనికి నా దగ్గర పూర్తి జవాబు లేదు బాబాయ్. అంగన్‌వాడీలోనే క్రెష్ నడిపే పాల్నా పథకం కేంద్రం కాగితాల మీద ఉంది. పేట అవసరానికి అది ఏ మూలకూ చాలదు. పూటపని మనిషిని రోజంతా పని మనిషిగా మార్చి, రెండు షిఫ్టులు పెట్టి, సాయంత్రం ఏడు దాకా బాల్వాడి తెరిచి ఉంచాలంటే ఖర్చు నేను చెప్పిన దానికి ఎన్నో రెట్లు అవుతుంది. అది కూడా చేయాలనే నేనంటాను. వరస మాత్రం మార్చను: ముందు పాఠం చెప్పే మనిషి, తర్వాత వేళలు. పాఠం లేని కేంద్రాన్ని రాత్రి దాకా తెరిచి ఉంచితే అది పిల్లలను దాచుకునే గది అవుతుంది.

బాబాయి చివరి ప్రశ్నకు అమ్మాయి ఇచ్చిన జవాబు సగమే, నేనూ అంతకు మించి చెప్పలేను. వేళల సంగతి తేలనిదే పురసవాక్కం లాంటి అంగడి పేటలో బాల్వాడి నిండదు. అయినా వరస విషయంలో అమ్మాయిదే సరైన మాట. కొత్త పథకానికి కొత్త పేరు పెట్టడం, గోడలకు రంగులు వేయడం, టీవీ తగిలించడం, ఇవన్నీ మనిషిని వేయడం కంటే తేలిక గనుక ప్రభుత్వాలకు ముద్దు. మనిషిని వేస్తే జీతం ప్రతి నెలా ఇవ్వాలి, పింఛను అడుగుతుంది, సమ్మె చేస్తుంది. పిల్లవాడికి పనికొచ్చేదీ ఆ మనిషే. సొంత రాష్ట్రంలో, సొంత కేంద్రాల్లో రుజువైన పనిని 54,439 చోట్ల చేయకపోవడానికి 523 కోట్లు లేవన్న సాకు చెల్లదు. పేటలో తెలుగు సంఘాలున్నవాళ్లు ఉగాది సభలో వార్డు కౌన్సిలర్‌కు శాలువా కప్పేటప్పుడు చేతిలో ఒక అర్జీ కూడా పెట్టండి: మా వీధి బాల్వాడికి పాఠం చెప్పే రెండో మనిషి కావాలి, ఆవిడకు తెలుగూ తమిళమూ రెండూ రావాలి, జీతం నెలనెలా ఒకటో తారీఖున పడాలి.